పేరులేని రోజు

ఏలేటిపాలెంలో ప్రతి ఇంటి గోడకీ పురుగుమందుల కొట్టువాళ్లు పంచిన 2002 క్యాలెండరు ఉండేది. అది బస్సులకీ బడికీ. ఊరి లెక్క వేరు. విత్తు నెలతో మొదలై బీడు నెలతో ముగిసే పది నెలలు. తొమ్మిదోది కల్లం నెల. ఆ నెలలో మిరపకాయలకు ఎండ తగిలిన రోజే రోజు. ముసురు పట్టి కాయల మీద పట్టాలు కప్పితే అది లెక్కలోకి రాదు. ఎండ తగిలిన రోజులు ముప్పై నిండాక, బీడు నెల రాకముందు, పేరులేని రోజు ఒకటి వస్తుంది.

ఆ రోజు ఎవరూ ఎవరినీ పేరు పెట్టి పిలవరు. పిలిస్తే పలికినవాళ్లలో ఆఖరి మనిషి పేరును, కుంకేటప్పుడు పొద్దు తనతో పట్టుకుపోతుంది. మనిషి ఉంటాడు, ఊళ్లో ఎవరికీ గుర్తుండడు. ఏడేళ్ల కిందట ఒకతను బాపయ్య పెద్దకొడుకునని ఏడుస్తూ వీధి వీధీ తిరిగాడు. బాపయ్యకు పెద్దకొడుకు లేడు. కర్ర పుచ్చుకుని తరిమేశాడు. ఆ ఇంట్లో ఎవరిదో తెలియని మంచం ఒకటి మిగిలిపోయింది. దానిమీద ఎవరూ పడుకోరు.

ఈ లెక్క కట్టేది వెంకటరావమ్మ. రోజుకో ముడి చొప్పున పత్తి దారానికి ముడులు వేసేది. ఆమె లెక్క తప్పిందన్నవాడు లేడు. అంటే ఊరుకునే మనిషీ కాదు.

ఆ మధ్యాహ్నం దారానికి ఇరవైతొమ్మిది ముడులున్నాయి. ముప్పయ్యోది ఆ సాయంత్రం పడాలి. పేరులేని రోజు రేపు. వెంకటరావమ్మ ఇంటి ముందరి కల్లంలో కాయలు తిరగేస్తూ, దాహమేసి, "బిందూ! ఓ బిందుమాధవీ! కాసిని మంచినీళ్లు పట్రావే!" అని కేకేసింది.

"ఆఁ, వస్తన్నా నాయనమ్మా!" అంది ఎనిమిదేళ్ల మనవరాలు పాకలోంచి.

అప్పుడే పక్క కల్లం యలమంద వచ్చి, గుప్పెడు కాయలు గలగలలాడించి చూపించాడు. "చూశావా పెద్దమ్మా, నా కాయ మీకంటే ఒకరోజు ముందే ఎండింది."

"ఎట్టా ఎండిద్దిరా? అందరికీ ఒకటే ఎండాయె."

"మొన్న ముసురు పట్టిన్నాడు మీరంతా పట్టాలు తీయలేదు. సాయంత్రం ఎండ కనిపిస్తే నేను తీశా. అరగంట బాగా కాసింది."

వెంకటరావమ్మ చేతిలోని గొర్రు జారిపోయింది. ఒక్క కల్లంలో కాయకు ఎండ తగిలినా అది రోజే. ఆ రోజు జ్వరంతో పడుకుని, ముడి వేయకుండా వదిలేసింది. అంటే నిన్నటితోనే ముప్పై నిండాయి. పేరులేని రోజు రేపు కాదు. ఇవాళే.

"కంచం కొట్టరా! ఊరంతా నోళ్లు మూసుకోమను!" అని అరిచింది.

యలమంద కంచం మోగించుకుంటూ పరిగెత్తాడు. ఊరు ఊరంతా ఒక్కసారిగా సద్దుమణిగింది. కంచం మోగేముందు, వెంకటరావమ్మ విన్నంతలో, ఆఖరిగా పలికిన పిల్ల నీళ్ల చెంబుతో ఎదురుగా నిలబడి ఉంది.

కోడలు రాజేశ్వరి పొయ్యి దగ్గర్నుంచి పరిగెత్తుకొచ్చింది. అత్త ముఖం చూసే సంగతి గ్రహించింది. పిల్లను ఒళ్లోకి లాక్కుంది. పొద్దు కుంకిందంటే ఈ బిడ్డను తనే ఎవరివే నువ్వని గుమ్మంలోంచి గెంటేస్తుంది.

"నన్ను పిలవండత్తయ్యా. నేను పలుకుతా. దాని బదులు నేను పోతా."

"నోర్ముయ్. నువ్వు పోతే, తల్లి మొహం తెలియని పిల్లకి నేను గంజి పోసి పెంచనా? తప్పు నాది. నన్ను పిలవండి."

అనేసింది గానీ, పిలిచేదెవరు? కోడలికి అత్తయ్య, పిల్లకు నాయనమ్మ, ఊరికి పెద్దమ్మ. చచ్చిపోయిన మొగుడు కూడా "ఏమే" అన్నవాడే. పెళ్లయి ఈ ఊరొచ్చాక ఆ పేరు పెట్టి ఒక్కరూ పిలవలేదు. ఇన్నాళ్లూ అదే మర్యాద అనుకుని మురిసిపోయింది.

తిరిగొచ్చిన యలమందను బతిమాలింది. వాడు రెండడుగులు వెనక్కి వేశాడు. "నా వల్ల గాదు పెద్దమ్మా. నిన్ను నా నోటితో సాగనంపమంటావా?"

"రేపటికి నీకు గుర్తుండదు గదరా!"

"ఇయ్యాళ గుర్తుంటది గదా," అని తల వంచుకుని వెళ్లిపోయాడు.

రాజేశ్వరి మూడుసార్లు నోరు తెరిచింది. మూడుసార్లూ "అత్తయ్యా" అనే వచ్చింది, ఆపైన ఏడుపొచ్చింది. పొద్దు పత్తిచేల మీదకు దిగుతోంది. చావంటే వెంకటరావమ్మకు ఇంత భయం లేదు. చస్తే కనీసం ఏడుస్తారు.

ఇంట్లోకి వెళ్లి రేషన్ కార్డు తెచ్చింది. మనవరాలిని పక్కన కూర్చోబెట్టుకుని, పై వరుస మీద వేలు పెట్టింది.

"బళ్లో చదవటం నేర్పారుగా. ఇదేందో చదువమ్మా."

"వెం... కట... రా..."

"అట్టా కాదు. ఒకేసారి, గట్టిగా. ఎవరినో పిలిచినట్టు."

రాజేశ్వరి ముఖానికి కొంగు అడ్డం పెట్టుకుంది. ఆపలేదు.

"వెంకటరావమ్మా!" అని పిల్ల హుషారుగా అరిచింది.

ఒక్క క్షణం వెంకటరావమ్మకు పలకకుండా ఉండిపోవాలనిపించింది. నిజంగానే అనిపించింది. పిల్ల బాగా చదివానా అన్నట్టు చూస్తోంది. మెడ దగ్గర చెమటకాయలు, నూనె రాసి తనే అల్లిన జడ.

"ఆఁ," అంది వెంకటరావమ్మ. "పలికానమ్మా."

పొద్దు కుంకింది.

రాజేశ్వరి ముఖం మీంచి కొంగు తీసి కళ్లు తుడుచుకుంది. ఎందుకు ఏడ్చిందో ఆమెకే తెలియనట్టు తడి చేతిని చూసుకుంది. ఎదురుగా కూర్చున్న ముసలామెను చూసి ఉలిక్కిపడింది.

"ఎవరండీ మీరు? ఏ ఊరు?"

పిల్ల చటుక్కున లేచి తల్లి వెనక్కి చేరింది. చీకట్లో అది మిరపకాయల మీద కాలు వేయబోతుంటే, అలవాటుగా వెంకటరావమ్మ నోరు జారింది.

"బిందూ, కాయలే, జాగ్రత్త!"

రాజేశ్వరి పిల్లను రెండు చేతులా వెనక్కి నెట్టుకుంది.

"మా పిల్ల పేరు మీకెట్టా తెలుసు?"