ఏడో చెయ్యి

ఊరి వెనక కొండలో తనంతట తాను పుట్టిన పలుగురాళ్ళ గుహ ఉంది. అందులో అబద్ధం చెప్పడం కుదరదు గాని తప్పు చెప్పడం కుదురుతుంది. ఏడుగురు ఒకే రాతి మీద చేతులు పెట్టి, లోపల ఏ అనుమానమూ లేకుండా ఒక్క సంగతే తలుచుకుంటే రాయి వెచ్చబడుతుంది. ఆ సంగతి అందులో నిలిచిపోతుంది. తర్వాత ఎవరు చెయ్యి పెట్టినా వాళ్ళకు అదే తెలుస్తుంది. కళ్ళారా చూసి ఉండాలని లేదు. నమ్మితే చాలు. ఊరి చరిత్ర అంతా అలాగే ఆ గుహలో చేరింది, గింజా పొట్టూ కలిసి.

ఫిట్టరు భార్య కూడా అలాగే చేరింది. నేత మిల్లు తగలబడి పదకొండుమంది పోయిన రోజు సైరన్ దగ్గర డ్యూటీ ఆమెది. సైరన్ మోగలేదు. ఆమె నిద్రపోయిందని మేనేజరు చెప్పాడు. ఆఫీసువాళ్ళు ఏడుగురు నమ్మారు, వెళ్ళి చేతులు పెట్టారు. రాయి వెచ్చబడింది. పొగ పట్టిన ఊపిరితిత్తులతో మూడు నెలలు బతికి ఆమె పోయింది.

రాతిలో చేరినదాన్ని మరో ఏడుగురు ఏడాదిలోపు చేతులు పెట్టి మార్చవచ్చు. ఆ తర్వాత రాయి బిగుసుకుపోతుంది. ఈ సాయంత్రంతో ఏడాది నిండుతుంది. రేపు బడిపిల్లలను తెచ్చి ఆ రాతి మీద చేతులు పెట్టిస్తారు. వాళ్ళలో ఫిట్టరు మనవరాలు ఉంది. అమ్మమ్మ పదకొండుమందిని చంపిందని ఆ పిల్ల అరచేత్తో నేర్చుకుంటుంది.

అందుకే అతను వారం రోజులు గడపగడపా ఎక్కి, ఆ షిఫ్టులో పనిచేసిన ఆరుగురు ఆడవాళ్ళను కూడగట్టాడు. పొగలో ఆమె సైరన్ స్విచ్చిని పిడికిలితో గుద్దడం వాళ్ళు చూశారు. మిల్లు నడిచినన్నాళ్ళూ పని పోతుందని నోరు మెదపలేదు. మిల్లు మూతబడ్డాక వాళ్ళకు నోళ్ళు మొలిచాయి. అతను బతిమాలలేదు. ఏడాది మింగారు, ఇక కక్కండి అన్నాడు. సిగ్గుపడి వచ్చారు. ఏడో చెయ్యి తనది.

గుహ ముందు ఎనిమిదో మనిషి నిలబడి ఉన్నాడు. మిల్లులో కరెంటు పని చూసినవాడు. సైరన్ ఊరికే మోగి పని చెడుతోందని మేనేజరు చెబితే, మంటలకు ముందురోజు తీగ పీకింది వాడే. ఆమె పోయాక గాని ఆ మాట ఒప్పుకోలేదు.

"నన్నూ పెట్టనివ్వన్నా" అన్నాడు.

"చేతులు కాలాక ఆకులు పట్టుకొచ్చావా? కాలింది నీ చేతులు కావు గదరా. లోపల అడుగు పెట్టావంటే కాళ్ళు విరుస్తా."

వాడు లోపలికి రాలేదు. వెళ్ళిపోనూ లేదు.

ఏడుగురూ చేతులు పెట్టారు. రాయి చల్లగానే ఉంది. తీసి మళ్ళీ పెట్టారు. అదే చల్లదనం. ఫిట్టరు ఒక్కొక్కరినీ తిట్టడం మొదలుపెట్టాడు. నూలు కండెలు చుట్టే ఆమెది పుట్టుకతోనే దొంగబుద్ధి అన్నాడు. ఇంకొకామె మేనేజరు ఇంట్లో ఇప్పటికీ గిన్నెలు తోముతోంది, ఆమెకు నమ్మకం ఎక్కడ ఏడుస్తుంది అన్నాడు. ఆమె కళ్ళనీళ్ళు పెట్టుకుంది గాని చెయ్యి తియ్యలేదు.

ఆ ఆరుగురిలో ఒకామె, చచ్చిపోయినామెకు తోడబుట్టిన అక్క, అతనికి వదిన, అతని వైపు తిరిగింది.

"కడుపులో లేనిది కావలించుకుంటే వస్తుందా మరిదీ?" అంది. "ఆ రోజు ఆస్పత్రిలో దాన్ని నువ్వేమడిగావు?"

 ఆ రోజు అతను, మసి తుడుస్తున్న నర్సు పక్కకు వెళ్ళేదాకా ఆగి, ఓ కునుకు గాని పట్టిందా అని భార్యను అడిగాడు. ఆమె గోడ వైపు తిరిగి పడుకుంది. ఆ తర్వాత మందుల గురించి మాట్లాడింది, మనవరాలి జడల గురించి మాట్లాడింది, సైరన్ మాట ఎత్తలేదు. కరెంటువాడు ఒప్పుకున్నాక కూడా, తీగ లేకపోవడం వేరు, మనిషి మెలకువగా ఉండడం వేరు అని అతని లోపల ఎవడో గొణుగుతూనే ఉన్నాడు. మధ్యాహ్నం పూట ఆమె కూర్చున్నచోటే తూగడం అతను ముప్ఫై ఏళ్ళు చూశాడు. ఇంటి చాకిరీ అంతా తెమిల్చి డ్యూటీకి పోయే మనిషి తూగక ఏం చేస్తుంది? ఆ చాకిరీలో అతను ఒక్క గిన్నె కడిగిన పాపాన పోలేదు.

"మేనేజరు మాట నమ్మినవాళ్ళు ఏడుగురు కాదు, ఎనిమిదిమంది" అంది వదిన.

గుహ కాపలావాడు తాళంచెవులు ఆడించి, పొద్దు వాలుతోందని చెప్పాడు. ఫిట్టరు ఇంకా చెయ్యి తియ్యలేదు. నమ్మాలని పళ్ళు బిగించాడు. రాయి చల్లగానే ఉంది.

చివరికి బయటికొచ్చి, రమ్మని కరెంటువాడికి తల ఊపాడు.

"క్షమించావా అన్నా?"

"లేదు. చచ్చేదాకా క్షమించను. అది స్విచ్చి కొట్టిందని నీకేమన్నా అనుమానముందా?"

"పీకినవాణ్ణి, నాకెందుకుంటుంది?"

"అయితే పోయి నా చోట చెయ్యి పెట్టు."

అతను ఎండిన గడ్డిలో నిలబడ్డాడు. లోపల ఎవరో ముక్కు చీదారు. ఆ తర్వాత, వెచ్చబడిందని గిన్నెలు తోమే ఆమె గొంతు వినిపించింది. వదిన గుహ ముందుకు వచ్చి, అతన్నీ వచ్చి చూడమంది.

"రేపు చూస్తా, బడిపిల్లల వెనక నిలబడి" అన్నాడు. "తెలియనివాళ్ళ వరస అదే గదా."

కొండ దిగుతుంటే కరెంటువాడు వెంట రాబోయాడు. ఫిట్టరు వంగి దారిలోంచి ఒక రాయి తీసుకున్నాడు. వాడు అక్కడే ఆగిపోయాడు.