రెండుతో మొదలైన పాట

మొదటి కాయను కూర్మయ్య ఒలవడు. నేలలో పాతిన ఇనుప బరిసె మొనకు దాన్ని ఒక్కసారి ఆనించి, "లాభం" అని పక్కవాడికి కూడా వినపడనంత మెల్లగా అంటాడు. తర్వాత తీసుకెళ్లి రేకుల షెడ్డు పిట్టగోడ మీద, ముచ్చిక పైకి ఉండేలా కూర్చోబెట్టి వస్తాడు. ఆ కాయ లెక్కలోకి రాదు. సాయంత్రం ఇంటికి పోయేటప్పుడు రామాలయం గుమ్మంలో పెట్టి వెళతాడు.

ఆ మంగళవారం పొద్దున్న ఆరున్నరకు కూడా అలాగే చేసి, తువ్వాలు తలకు చుట్టుకుని రెండో కాయ అందుకున్నాడు. బరిసె మీద ఒక పోటు, మణికట్టులో ఒక మెలి. కాయ తిప్పి ఇంకో పోటు, ఇంకో మెలి. మూడో మెలికి డొక్క మూడు చెక్కలై కాళ్ల దగ్గర పడుతుంది, కాయ గాల్లో తిరుగుతూ కుప్ప మీదికి పోతుంది. ముప్పై ఏడేళ్ల మనిషికి ఆ పనితో భుజాలు ముందుకు వంగి, మెడ లోపలికి దిగినట్టయింది. అరచేతులు పీచు రంగుకి వచ్చేశాయి. కుడి ముంజేతి మీద ఇరవై ఏళ్ల వయసులో పొడిపించుకున్న మైకు బొమ్మ ఉంది. ఎండకీ కొబ్బరి పసరుకీ మాసిపోయి ఇప్పుడది గరిటెలా కనిపిస్తుంది. అతని నాలుగేళ్ల కూతురు భార్గవి దాన్ని గరిటె అనే అంటుంది. కూర్మయ్య ఎప్పుడూ దిద్దలేదు.

మలేసియాలో సుంగై సుమున్ అనే ఊళ్లో ఆ కొబ్బరి యార్డు ఒక చీనా తౌకేది, అంటే షావుకారుది. ఒలిచేవాళ్లు ఒకప్పుడు పన్నెండు మంది, ఇప్పుడు ఇద్దరే. రెండోవాడు వీరసామి, అరవై దాటిన మనిషి, పళ్లు తక్కువ, మాటలు ఎక్కువ. రోజూ పొద్దున్నే ఒకటే అడుగుతాడు.

"ఏటి స్టారూ, ఈయేళ ఏ ఊర్లో పోగ్రాము?"

"ఇక్కడే మావా. టిక్కెట్టు కొన్నోడివి నువ్వొక్కడివే."

అలా అని కూర్మయ్య ఎడమ భుజాన్ని గుండ్రంగా తిప్పుకున్నాడు. వారం నుంచి ఆ భుజం లోపల ఏదో పట్టేసినట్టుగా ఉంది. ఒలుపు పనివాళ్లకు భుజం పట్టెయ్యడం కొత్త కాదు.

తొమ్మిదింటికి టీ తాగుతుండగా ఫోన్‌లో వేలు మాట వచ్చింది. వేలు చిన్నప్పటి స్నేహితుడు, తమిళుడే అయినా కూర్మయ్య తల్లి చేతి అన్నం తిని పెరిగినవాడు. ఇప్పటికీ కౌలాలంపూర్‌లో బ్రిక్‌ఫీల్డ్స్ దగ్గరే ఉంటూ పాటలకు సంగీతం కలుపుతాడు. ఇక్కడివాళ్లందరిలాగే మాట చివర ఊరికే ఒక 'లా' తగిలిస్తాడు.

"మచ్చా, మన పాట మళ్లీ వదలతన్నాం. ఈసారి వద్దనీవోడు ఎవుడూ లేడు లా. మొదట్లో నువ్వు పెట్టాలనుకున్న అమ్మ మాట పెట్టీ. సాయంత్రం లోపు పంపించు."

కూర్మయ్య ఆ మాటను మూడుసార్లు విన్నాడు. టీ చల్లారిపోయింది.

అమ్మ మాట అంటే కూర్మయ్య తల్లి దేవుడమ్మ మాట. ముత్తాతల కాలంలో శ్రీకాకుళం వైపు నుంచి ఓడలో వచ్చినవాళ్లు ధాన్యం కొలిచేటప్పుడు ఒకటి అనేవారు కాదు, లాభం అనేవారు. ఇక్కడ కొలవడానికి ధాన్యం లేదు, కాయలున్నాయి. మాట మాత్రం మారలేదు. దేవుడమ్మ ఇదే యార్డులో లారీ పక్కన నిలబడి కాయలు లెక్కపెట్టేది. లాభం, రెండు, మూడు, నాలుగు... ఆమె గొంతు కాయ పడే చప్పుడుతో కలిసి నడిచేది, ఎక్కడా తడబడేది కాదు. లారీ చక్రం పక్కన కూర్చుని అది వింటూ పెరిగిన పిల్లాడికి తాళం ఇంకొకరు నేర్పనక్కర్లేకపోయింది. ఒక్క నియమం ఉండేది. లాభం రోజుకు ఒక్కసారే. ఏడేళ్లప్పుడు కూర్మయ్య ఆటలో ఆ మాట పదిసార్లు అరిస్తే వీపు మీద ఒక్కటి వేసి, దేవుడు ఓపాలే ఇంటాడు, రెండో పాలి అంటే ఎటకారమనుకుంటాడు అని చెప్పింది.

స్కూలు మూడో ఫారంతో ఆగిపోయింది. పంతొమ్మిదో ఏట వేలుతో కలిసి కౌలాలంపూర్ బస్సెక్కాడు. బ్రిక్‌ఫీల్డ్స్‌లో పగలంతా హోటల్లో ప్లేట్లు కడిగేవాడు. సాయంత్రాలు పూలదండల అంగడి మేడ మీద, గోడలకు గుడ్ల అట్టలు అతికించిన గదిలో ర్యాప్ పాడేవాడు. వినేవాళ్లు తమిళవాళ్లే కాబట్టి తమిళంలోనే రాసుకునేవాడు. ఒక్క పాట మొదట్లో మాత్రం అమ్మ లెక్క పెట్టాడు. లాభం, రెండు, మూడు, నాలుగు, వెనకాల బరిసె పోటులా ఒక డప్పు. పాట రికార్డు చేయించే పెద్దమనిషి రికార్డింగుకు ముందే అది విని, "ఇదు యారుక్కు పురియుం, తంబి?" అన్నాడు. ఇదెవరికి అర్థమవుతుంది అని. మొదటి మాట కోసేయమన్నాడు. రెండు తమిళంలోనూ రెండే, అక్కణ్నించి మొదలైతే అందరికీ తెలుస్తుందన్నాడు. కూర్మయ్య తల ఊపాడు. తల ఊపడానికి ఎంతసేపు పట్టింది కనుక.

ఆ పాట ఆడింది. రేడియోలో, పెళ్లిళ్లలో, దూరం బస్సుల్లో. కూర్మా అని పేరు పెట్టుకుని క్లాంగ్‌లో, ఈపోలో, దక్షిణాన జొహోర్ బారు దాకా పోయి పాడాడు. నల్ల కళ్లద్దాలు, ఎవరిదో అడిగి తెచ్చుకున్న గొలుసు. స్టేజీ మీద అతను "రెండు" అని ఆగితే చాలు, కింద జనమంతా చేతులు పైకెత్తేవారు.

దేవుడమ్మ తౌకే అంగడిలో రేడియో దగ్గర నిలబడి ఆ పాట విని, ఆ సాయంత్రం ఫోన్ చేసింది. బాగుందో లేదో చెప్పలేదు. "లాభం ఏదిరా నాయనా?" అని మాత్రం అడిగింది. తరవాతి పాటలో పెడతానన్నాడు. తరవాతి రెండు పాటలూ ఆడలేదు, వాటిలోనూ పెట్టనివ్వలేదు. తల్లికి కిడ్నీలు పాడయ్యాయని కబురొస్తే బస్సెక్కి వచ్చేశాడు. ఆమె ఉన్నన్నాళ్లూ ఉందామనుకున్నాడు. పోయాక కూడా ఉండిపోయాడు. పెళ్లయింది, పిల్ల పుట్టింది. అలా పదకొండేళ్లు గడిచాయి. ఇప్పటికీ ఎక్కడో పెళ్లి హాల్లో ఆ పాట వేస్తారు. అన్నం ప్లేటు పట్టుకుని నిలబడ్డ కూర్మయ్య ముందే కుర్రకారు ఎగురుతారు, అతనెవరో తెలియకుండా. అందుకు అతనికి బెంగ లేదు. బెంగంతా పాట మొదలైన ప్రతిసారీ నాలిక మీదకు వచ్చి ఆగిపోయే ఆ ఒక్క మాట గురించే.

ఇప్పుడు పెట్టమంటున్నారు. కూర్మయ్య తలెత్తి పిట్టగోడ మీద కాయను చూశాడు. ఈ రోజు మాట అయిపోయింది.

వీరసామికి సంగతి చెబితే అతను అరటిపండు తొక్క తీస్తూ తేలిగ్గా తేల్చేశాడు. "ఇంకో కాయ అట్టుకుని అనీరా. మీయమ్మ లేసొచ్చి కొడతాదేటి లా?"

కొట్టదు. అది కూర్మయ్యకూ తెలుసు. తౌకే రేడియో ఆపించి, ఫోన్ గోడ మీద నిలబెట్టి, కుప్పలోంచి ఒక కాయ తీశాడు. బరిసె మీదికి ఎత్తి నోరు తెరిచాడు. "రెండు" అన్నాడు. గొంతు సవరించుకుని మళ్లీ ఎత్తాడు. మళ్లీ "రెండు" అనే వచ్చింది. అన్నేళ్లు అక్కణ్నించే మొదలుపెట్టిన నోరు అది. మొదటిసారికి వీరసామి పగలబడి నవ్వాడు. రెండోసారికి నవ్వలేదు, తన కాయ వైపు తిరిగిపోయాడు.

కూర్మయ్య వేలుకు ఫోన్ చేశాడు.

"రేపు పొద్దున్న ఆరున్నరకి, మొదటి కాయకి అంటాను. బరిసె సప్పుడుతో సహా పంపుతాను. ఒక్క పొద్దు ఆగు మచ్చా."

రేపు పదింటికల్లా పాట పైవాళ్లకు వెళ్లిపోవాలని, ఆలోపైతే సరేనని వేలు ఒప్పుకున్నాడు. ఇంకా ఒక్కసారి అడిగాడు, మర్చిపోవు కదా అని. పదేళ్ల పైన మర్చిపోనివాణ్ని పట్టుకుని అడుగుతున్నావా అని కూర్మయ్య నవ్వాడు.

మధ్యాహ్నం అతని భార్య మోహనప్రియ పిల్లను తీసుకొచ్చింది. బాలవాడి పన్నెండింటికి వదిలేస్తారు, స్కూలు క్యాంటీన్‌లో ఆమె పని అయిదింటి దాకా ఉంటుంది. ఈ మధ్యలో పిల్ల యార్డులో ఉండాలి. ఆ అయిదు గంటలూ మోహనప్రియ క్యాంటీన్‌లో గిన్నెలు కడుగుతున్నా ఆమె కళ్ల ముందు బరిసెలే ఉంటాయి. వచ్చిన ప్రతిసారీ నేల మీద ఇటుక ముక్కలతో ఒక గీత పేర్చి, పిల్లను అవతల ప్లాస్టిక్ కుర్చీలో కూర్చోబెట్టి, ఇది దాటితే అమ్మ ఇంటికి రాదు అని బెదిరించి వెళుతుంది. గేటు దాకా పోయి వెనక్కి వచ్చి గీత మళ్లీ చూసుకుంటుంది. ఆమె వచ్చే వేళకే కూర్మయ్య ఖాళీ బరిసెలన్నిటి మీదా డొక్క చిప్పలు బోర్లించి ఉంచుతాడు. వరసగా టోపీలు పెట్టుకున్న మనుషుల్లా నిలబడి ఉంటాయవి.

"మూడుసార్లు ఫోన్ సేస్తాను. ఎత్తు మావా," అంది ఆమె.

నాలుగుసార్లు చేసింది. నాలుగుసార్లూ ఎత్తాడు.

భార్గవి తెలుగు వింటుంది, తమిళంలో జవాబు చెబుతుంది. గీత అవతల కూర్చుని కొబ్బరి పీచుతో బొమ్మకు జడ వేస్తూ, నువ్వు పొద్దున్న ఆ కాయతో ఏం చెబుతావప్పా అని అడిగింది. ఏదో ఒక సెలవు రోజున చూసినట్టుంది. రేపు పొద్దున్న తీసుకొస్తాను, నీ చెవితోనే విందువుగాని అని చెప్పాడు కూర్మయ్య. పిల్ల తల ఊపి, మళ్లీ జడలో పడింది.

అయిదింటికి వాన పట్టుకుంది. పిల్లను బండి మీద ముందు కూర్చోబెట్టుకుని రెయిన్‌కోటు ఇద్దరికీ కప్పుకున్నాక, గోడ మీద కాయ గుర్తొచ్చింది. దిగబోయి, పిల్ల తడుస్తుందని ఆగాడు. ఏనాడూ అలా వదిలేసి పోలేదు. రేపు రెండూ కలిపి గుడికి ఇస్తే సరిపోతుందని వీరసామికి చెప్పి బండి కదిలించాడు.

ఇంట్లో మోహనప్రియ అతని భుజానికి గాలి నూనె రాసింది. ఆ నూనె ఘాటుకు భార్గవి ముక్కు మూసుకుని మంచం అవతలికి పారిపోయింది. నొప్పి చేతిలోకి దిగుతోందా, దవడ దాకా వస్తోందా అని మోహనప్రియ గుచ్చి గుచ్చి అడిగింది. ఆమెకు అన్నిటికీ భయమే. పిల్ల తుమ్మితే భయం, అతను పది నిమిషాలు ఆలస్యమైతే భయం. అందుకే ఆమె భయాన్ని ఇంట్లో ఎవరూ లెక్కచెయ్యరు. క్లినిక్‌కి రేపే వెళదాం అంది.

"రేపు కాదు. రేపు పని ఉంది. ఎల్లుండి."

"ఏటంత పని? ఒక్క మాట అనడమే గదా. ఇప్పుడు అనీ, నాను ఇంటాను."

"రేపటిది రేపే మోహనా."

"నాక్కూడా సెప్పవేటి?"

అతను నవ్వి ఆమె చేతిలోంచి సీసా తీసుకుని మూత పెట్టాడు. నిద్రపోయేముందు పెదవులు కదిలించి చూసుకున్నాడు, గొంతు రాకుండా. ఈసారి రెండు రాలేదు. అది తెలిసినట్టు హాయిగా ఉంది అతని ముఖం. మోహనప్రియ పక్క నుంచి అది చూసింది.

అయిదున్నరకు అలారం మోగింది. మోహనప్రియ చెయ్యి అలవాటుగా పిల్ల ముక్కు దగ్గరికే పోయింది. నాలుగేళ్లుగా ఆమె రాత్రిళ్లు లేచి లేచి పిల్ల ఊపిరే చూసుకుంది. వెచ్చగా తగిలింది. పిల్ల కాలు ఒకటి తండ్రి పొట్ట మీద ఉంది. అలారం ఆపమని అతన్ని తట్టబోయి, ఒళ్లు చల్లగా తగిలి, ఆగిపోయింది. ముందు పిల్ల కాలు మెల్లగా తీసి పక్కకు పెట్టింది. దుప్పటి కప్పింది. ఆ తర్వాతే పిలిచింది.

"మావా."

అలారం మోగుతూనే ఉంది.

వేలు పదింటికి ఆ పాటను పంపలేదు. బస్సెక్కి వచ్చి పాడె మోశాడు. నెల తర్వాత పంపాడు. ఇప్పుడా పాట మొదట్లో ఏమీ వినపడదు. ఒక్క దెబ్బ పట్టేంత ఖాళీ ఉంటుంది. తర్వాత కూర్మయ్య గొంతు రెండు అంటుంది. ఫోన్ పాడైందేమోనని కొందరు మళ్లీ మొదటి నుంచి వేసుకుంటారు.

కర్మలయ్యాక మోహనప్రియ అతని తువ్వాలూ చేతి తొడుగులూ తీసుకోవడానికి యార్డుకు వచ్చింది. వీరసామి వాటిని ఉతికి, మడిచి ఉంచాడు. కూర్మయ్య బరిసె మీద డొక్క చిప్ప బోర్లించి ఉంది. నేల మీద ఇటుక ముక్కలు పాత చోటే ఉన్నాయి. భార్గవి తనంతట తానే వెళ్లి గీత అవతల నిలబడింది. దాటలేదు.

షెడ్డు పిట్టగోడ మీద మంగళవారం నాటి కాయ ముచ్చిక పైకి పెట్టుకుని అలాగే కూర్చుని ఉంది. ఈ మధ్యలో మూడు లారీలు వచ్చి కాయలన్నీ ఎత్తుకుపోయాయి గానీ, దాన్ని మాత్రం ఎవరూ లెక్కలో కలపలేదు.