మెట్టురాయి మీద ఒక జత ఎక్కువ

ఆ సాయంత్రం నా చేతులు ఆ పని అలవాటు కొద్దీ చేశాయా, భయం కొద్దీ చేశాయా అన్నది నాకు ఈనాటికీ తేలలేదు. ప్రార్థనలో చాలాసార్లు అడిగాను. దేవుడు జవాబు చెప్పలేదు. చెప్పినా నాకు వినపడలేదేమో, అదీ తెలియదు.

మాది సియోల్‌కు దూరంగా ఉన్న జొంజు ఊరు. సోయా మొలకలు పెంచి బజారులో అమ్మేవాణ్ణి. పెరటి పక్కన కిటికీ లేని గది ఒకటి ఉండేది. అందులో అడుగున చిల్లులున్న కుండల్లో గింజలు పోసి, నల్లగుడ్డ కప్పి, మూడు గంటలకోసారి నీళ్ళు పోయాలి. వెలుతురు సోకితే మొలక పచ్చబడుతుంది, ఎవరూ కొనరు. ఆదివారాలు చర్చిలో డీకన్‌ని. వాక్యం చెప్పేంత చదువు లేదు కనుక గుమ్మం దగ్గర నిలబడి, లోపలికి వెళ్ళినవాళ్ళ జోళ్ళు జతచేసేవాణ్ణి. బయటికి వచ్చేటప్పుడు కాలు దూరిస్తే చాలన్నట్టు మొనలు వీధి వైపు తిప్పి వరసగా పెట్టేవాణ్ణి. ఇరవై ఏళ్ళ అలవాటు. పెళ్ళిళ్ళకు వెళ్ళినా నా చేతులు ఊరుకునేవి కావు.

పద్దెనిమిదేళ్ళు ఏలిన అధ్యక్షుణ్ణి సొంత మనిషే కాల్చి చంపిన ఆ శరదృతువులో మా వీధి వీధంతా ఏడ్చింది. నేనూ ఏడ్చాను. ఆయన మీద ప్రేమతో కాదు, రేపటి నుంచి ఏమవుతుందో తెలియక. నా భార్య సున్‌డోక్ అక్క కొడుకు గిహ్యోన్ మాత్రం ఏడవలేదు. తల్లి పోయాక మా ఇంట్లోనే పెరిగి, సియోల్‌లో చదువుకుంటున్నాడు. కొత్త సంవత్సరానికి వచ్చి బియ్యపు రొట్టెల పులుసు రెండు గిన్నెలు తాగి, "పిన్నీ, ఈసారి మన అధ్యక్షుణ్ణి మనమే ఓటేసి ఎన్నుకుంటాం. బాబాయ్ ఓటు కూడా లెక్కలోకి వస్తుంది, చూడు" అన్నాడు.

"నా ఓటు సంగతి సరే. నీ పరీక్షలెప్పుడు?" అన్నాను.

"బాబాయ్‌కి దేశం కంటే పరీక్షలే ముఖ్యం" అని నవ్వాడు.

మే నెల సగంలో ఆ నవ్వు ఆగిపోయింది. సైన్యం కాలేజీలకు తాళాలు వేసింది. దక్షిణాన గ్వాంగ్‌జులో పారాట్రూపర్లు జనం మీద పడ్డారని, ఏదో ఘోరం జరిగిందని నోటి మాటగా తెలిసింది. పేపర్లలో మాత్రం ఆ వార్త ఉండాల్సిన చోట తెల్లగా ఖాళీలు వచ్చేవి. జూన్ మొదట్లో గిహ్యోన్ పెరటి గోడ దూకి వచ్చాడు. ఊరేగింపుల్లో ఉన్నాడని వాడి పేరు, ఫొటో పోలీస్ స్టేషన్ గోడ మీద అంటించారట. సున్‌డోక్ వాణ్ణి మొలకల గదిలో పెట్టింది. ఇరవై రోజులు ఆ చీకట్లోనే కుండలకు నీళ్ళు పోశాడు. అన్నం ఇవ్వడానికి తలుపు తీసినప్పుడల్లా వాడి మొహం మొలకల్లాగే తెల్లబడుతున్నట్టు కనపడేది. నేను ఎక్కువసేపు చూసేవాణ్ణి కాదు. దొరికితే వాడొక్కడే పోడు, మేమూ పోతామని రోజూ నిద్ర లేవగానే గుర్తొచ్చేది. ఆ మాట మాత్రం పైకి ఎవరితోనూ అనలేదు.

ఆ రోజుల్లో ప్రతి నెలా ఇరవై ఐదున వీధి సమావేశం ఉండేది. ఇంటికొకరు తప్పకుండా రావాలి. ఒక్కో నెల ఒక్కో ఇంట్లో. జూన్‌లో వంతు మాది. మార్చమని అడిగితే ఎందుకని అడుగుతారు, అందుకని అడగలేదు.

మా వీధి పెద్ద దల్సు వాళ్ళమ్మ. ఎండు రొయ్యలు అమ్మే విధవరాలు. ఎవరింట్లో కొత్త దుప్పటి ఆరేసినా ఆమెకు తెలిసిపోయేది. తెలిసింది వార్డు ఆఫీసుకు చేరుతుందని మా అందరి నమ్మకం. కొడుకు దల్సు పారాట్రూపర్ల దళంలో సిపాయి. ఆమె ముందు మేమంతా వాతావరణం గురించే మాట్లాడేవాళ్ళం.

ఆ సాయంత్రం సన్నగా వాన. పదకొండు ఇళ్ళ నుంచి పదకొండు మంది వచ్చి, మెట్టురాయి మీద జోళ్ళు విడిచి గదిలో కూర్చున్నారు. వార్డు ఆఫీసు నుంచి నమ్‌గుంగ్ అనే గుమాస్తా కూడా వచ్చాడు. మెత్తగా మాట్లాడే మనిషి, ముప్ఫై ఏళ్ళు ఉంటాయి. "అనుమానం ఉన్నవాళ్ళు కనపడితే చెప్పండి. దాచినవాళ్ళకీ అదే శిక్ష. నేను చెప్పేది కాదండీ ఇది, పైనుంచి కాగితం వచ్చింది" అని చదువుతున్నాడు.

"మా వీధిలో అనుమానం ఉన్నది ఒక్కటే బాబూ, చేపలోడి తూకం" అంది దల్సు వాళ్ళమ్మ. అందరూ నవ్వారు. నమ్‌గుంగ్ కూడా నవ్వి, నవ్వుతూనే గది నాలుగు మూలలూ చూశాడు.

నేను బార్లీ టీ తేవడానికి వంటింట్లోకి వెళ్ళాను. పళ్ళెం పట్టుకుని వాకిట్లోకి వచ్చేసరికి జోళ్ళు చెల్లాచెదురుగా తడుస్తున్నాయి. పళ్ళెం వసారా మీద పెట్టి వంగాను. ఒక్కో జత తుడిచి, మొనలు తిప్పి పెడుతూ వచ్చాను. వసారా చెక్కల కింద, కట్టెపుల్లల వెనకాల నుంచి ఒక కాన్వాస్ జోడు మొన కనపడింది. ఎవరి కాలో తగిలి లోపలికి పోయిందనుకున్నాను. నిజంగా అలాగే అనుకున్నానా? జత బయటికి లాగాను. బురద తుడిచాను. వరస చివర పెట్టాను. టీ లోపలికి తీసుకెళ్ళాను.

సమావేశం అయిపోయింది. ఒక్కొక్కరే కాలు దూర్చుకుని, "బలే సర్దారు డీకన్‌గారూ" అంటూ వెళ్ళిపోయారు. చివరికి మెట్టురాయి మీద మూడు జతలు మిగిలాయి. నమ్‌గుంగ్ నల్ల తోలు జోళ్ళు, దల్సు వాళ్ళమ్మ తెల్ల రబ్బరు జోళ్ళు, ఆ పక్కన పెద్ద కాన్వాస్ జత. మా ఇద్దరివీ ఎప్పుడూ వంటింటి గుమ్మం దగ్గరే ఉంటాయి.

సున్‌డోక్ మొహంలో నెత్తురు లేదు. ఆ కట్టెల వెనక వాటిని దాచింది తనేనని అప్పుడు అర్థమైంది నాకు.

నమ్‌గుంగ్ తన జోళ్ళు వేసుకుని, లేస్ కట్టుకుంటూ తల ఎత్తకుండానే అడిగాడు. "ఇవెవరివండీ?"

నావి అంటే సరిపోయేది. అబద్ధమాడి ఎరగని నోరు, పెగల్లేదు. ఇరవై అడుగుల దూరంలో మొలకల గదిలో నీళ్ళు పోస్తున్న చప్పుడు ఆగిపోయింది.

"ఎవరివేంటి, నావే" అంది దల్సు వాళ్ళమ్మ. వసారా దిగి ఆ జోళ్ళలో కాళ్ళు పెట్టేసింది. రెండు పాదాలు పట్టేంత ఖాళీ అందులో.

"మీవా? మరి ఆ రబ్బరువి?"

"ఏ ముసలిదో వేరేవాళ్ళవి తొడుక్కుని అవి వదిలేసి పోయుంటుంది. నా కాళ్ళు వాచి చస్తుంటే రబ్బరువి పడతాయా? ఇవి మా దల్సువి. వాడు పట్నంలో కొనుక్కుని ఒక్కసారి కూడా వేసుకోకుండానే సైన్యంలోకి పట్టుకుపోయారుగా. వాణ్ణి మేలో ఎక్కడికి పంపారో నీ పైవాళ్ళని అడిగి చెప్పు బాబూ. ఎవర్నడిగినా చెప్పరు. చెప్పకపోతే తల్లికి తెలీదనుకుంటారు."

నమ్‌గుంగ్ జేబులోంచి చిన్న పుస్తకం తీసి ఏదో రాసుకున్నాడు. ఆమె ఆ జోళ్ళు ఈడ్చుకుంటూ వానలో వెళ్ళిపోయింది. అతను కాస్త దూరంగా ఆమె వెనకే నడిచాడు.

తెల్లవారుజామున కర్ఫ్యూ ఎత్తేయగానే మొలకల బండి తీసుకుని బయల్దేరాను. గిహ్యోన్ పక్కన కూలివాడిలా నడిచాడు. కాళ్ళకు నా చర్చి జోళ్ళు. బజారు మలుపు దగ్గర అడిగాడు. "బాబాయ్, నావి బయటికెలా వచ్చాయి?"

"వాన నీళ్ళకు కొట్టుకొచ్చాయేమోరా" అన్నాను. అబద్ధమాడి ఎరగని నోరు!

వాడు నా చేతుల వంక చూశాడు. బండి వదిలి బజారు జనంలో కలిసిపోయాడు. ఆ తర్వాత ఆగస్టులో వేలమందిని ఒక హాల్లో కూర్చోబెట్టి, ఒకే పేరు ముందు పెట్టి కొత్త అధ్యక్షుణ్ణి ఎన్నుకున్నారు. నా ఓటు ఎవరూ అడగలేదు. శీతాకాలంలో గిహ్యోన్ వేరే ఊళ్ళో దొరికాడు. రెండేళ్ళకు ఇంటికి వచ్చాడు. ఎడమ చెవి వినపడదు. పెద్దగా నవ్వడు.

దల్సు వాళ్ళమ్మను మాత్రం సమావేశమైన మూడో రోజే తీసుకెళ్ళారు. ఐదు రోజులకు గోడ పట్టుకుని నడుస్తూ వచ్చింది. వీధి పెద్దగా వేరే ఆవిడను వేశారు. ఎవరడిగినా "కాలు జారి పడ్డా" అనేది.

నేను గంపెడు మొలకలు పట్టుకుని వెళ్ళాను. వాకిట్లో రొయ్యలు ఏరుతూ కూర్చుంది.

"ఐదు రోజులకి మొలకలా! పోనీ ఐదు గంపలైనా తేవాల్సింది."

"మీరు చేసిన సాయం..."

"నెమ్మదిగా అను. గోడకి చెవులున్నాయి, వాటిలో రెండు నావే" అని నవ్వింది. తర్వాత గొంతు తగ్గించింది. "ఆ వరస చూడగానే తెలిసింది డీకన్‌గారూ, అది మీ ఆవిడ చెయ్యి కాదని. ఆడవాళ్ళు అంత చక్కగా పెట్టరు."

నేను గంపలో మొలకలు సర్దసాగాను.

"మీరు మనుషులకి సాష్టాంగపడరటగా. నాకొకటి బాకీ. నుదురు నేలకానించి. తొందరేం లేదులే."

అక్కడే, అప్పుడే చేయాల్సింది. కానీ ఎదురింటి తలుపు సగం తెరిచి ఉంది. ఒక డీకన్ రొయ్యలమ్మే ఆవిడ ముందు ఎందుకు వంగాడని ఎవరైనా అడిగితే? రేపు చేద్దామనుకున్నాను. ఆ రేపు ఏడేళ్ళు సాగింది.

ఏడో ఏడు జనవరిలో ఒక విద్యార్థి పోలీసుల గదిలో చనిపోయాడు. వసంతానికి మా ఊరి వీధుల్లో మళ్ళీ కళ్ళు మండించే పొగ. ఆ పొగ రోజుల్లోనే దల్సు వాళ్ళమ్మ పోయింది. చర్చి పెద్దలు నాకు ముందే చెప్పారు: "వెళ్ళండి, తలవంచి ప్రార్థన చేయండి. చనిపోయినవాళ్ళ పటం ముందు మాత్రం సాష్టాంగపడొద్దు, అది విగ్రహారాధన." నాకూ అదే నమ్మకం. ఇప్పటికీ అదే.

ఆమె ఇంటి సందు మొదట్లో, మఫ్టీ పోలీసేనని తెలిసిపోయేలా, జాకెట్ వేసుకున్న మనిషొకడు సిగరెట్ కాలుస్తూ, వచ్చేపోయేవాళ్ళను చూస్తున్నాడు. గిహ్యోన్ నా పక్కన ఉన్నాడు. అతని ముందు నుంచే నడిచాం. లోపల తల్లి పోయిన కొడుకు కట్టుకునే గోనెగుడ్డ పట్టీతో దల్సు నిలబడి ఉన్నాడు. గిహ్యోన్ వయసువాడే. ఇద్దరూ ఒకరినొకరు చూసుకుని చూపు దించుకున్నారు.

పటంలో ఆమె ఎవరినో తిట్టబోతున్నట్టే ఉంది. వెనక చర్చివాళ్ళు ఇద్దరు కూర్చుని నన్నే చూస్తున్నారు. గుమ్మం బయట జాకెట్ మనిషి కూడా తొంగి చూస్తున్నాడు.

ప్రభువా, ఇది నీకు కోపమైతే తర్వాత అడుగు, అనుకున్నాను.

మోకాళ్ళు వంచాను. అరచేతులు నేలకు ఆనించాను. నుదురు చాపకు తగిలేదాకా వంగాను. లేచాను. నేను బాకీ ఉన్నది ఒక్కటే. మా దేశంలో బతికున్నవాళ్ళకు ఒక దండం, పోయినవాళ్ళకు రెండు పెట్టాలి. రెండోసారి కూడా వంగాను.