ఎనిమిది ఫారాల బెంగుళూరు

షఫీవుల్లా తెలుగు బాగా మాట్లాడతాడు. చదవడం మాత్రం రాదు. చిత్తూరులో ముప్పై ఎనిమిదేళ్లుగా పుస్తకాలు కుట్టడమే పని. ఎక్కువగా మదర్సా పిల్లల ఉర్దూ పుస్తకాలు, ఖురాన్లు, ఎప్పుడైనా వకీళ్ల లావుపాటి పుస్తకాలు. లోపల ఏం రాసుందో కుట్టేవాడికి అక్కర్లేదు, మడత నేరుగా ఉంటే చాలు అనేవాడు. అదైనా ఎవరన్నా అడిగితేనే. ఆయన నోట్లోంచి మాట రావాలంటే రెండు టీలు పోయాలని భార్య ఖమర్ జహాన్ అంటుంది.

అట్లాంటి మనిషి చేతికి ధనంజయ ప్రెస్సు నుంచి ఒక తెలుగు పుస్తకం వచ్చింది. పేరు 'బెంగుళూరులో ఎనిమిది పూటలు'. రాసింది కృపామణి అని, నర్సుగా చేసి రిటైరై, తిరుపతిలో తిరుచానూరు రోడ్డులో ఉంటున్న మనిషి. బెంగుళూరు ఆసుపత్రిలో ముప్పై ఏళ్లు పనిచేసి, సెలవు దొరికినప్పుడల్లా సిటీ బస్సెక్కి ఆ మహానగరంలో దొరికిన తిండి అంతా తిని, అదంతా పుస్తకంగా రాసింది. రెండు వందల కాపీలు. తిరుపతిలో ఆదివారం పొద్దున పది గంటలకు సభ.

"ఇది బాగా కుట్టి ఇస్తే ఇంగ నా ప్రెస్సు పనంతా నీకే షఫీ భాయ్," అన్నాడు ధనంజయ. "లేదంటే తిరుపతిలో మిషనుండాది. గంటకు వంద అతికించి పారేస్తాది."

షఫీవుల్లా తల ఊపాడు. మదర్సా పుస్తకాలు కూడా ఆ మిషనుకే పోతున్నాయి. ఈ పని నిలబడితే సూది నిలబడుతుంది. లేకపోతే అంతటితో సరి.

పుస్తకం ఎనిమిది ఫారాలు. ఫారం అంటే పదహారు పేజీలు పడేటట్టు మడిచిన కాగితం. ఒక్కో ఫారానికి ఒక్కో కుప్ప, ఎనిమిది కుప్పలు వరసగా చాప మీద పరుస్తారు. కుప్పకొకటి చొప్పున ఏరుకుంటూ పోతే చివరకు చేతిలో ఒక పుస్తకం ఉంటుంది. ఉర్దూ పుస్తకమైతే మొదటి ఫారం కుడిచేతి వైపు పెడతారు, అక్కణ్నుంచే ఏరతారు. ఆ ఇంట్లో చేతులకు అదే అలవాటు.

ఇది తెలుగు పుస్తకం కదా అని షఫీవుల్లా ఆ రోజు గట్టిగా గుర్తుపెట్టుకుని, మొదటి ఫారం ఎడమ వైపు పెట్టి పరిచాడు. పరిచి, దారం తేవడానికి బజారుకు పోయాడు. ఆయన వచ్చేసరికి ఖమర్ జహాన్ రెండు వందల పుస్తకాలూ ఏరి పేర్చేసింది. కుడివైపు నుంచి.

షఫీవుల్లా నాలుగు రోజులు కూర్చుని కుట్టాడు. కుట్టేటప్పుడు ఆయన చూపు మడత దాటదు.

గురువారం పొద్దున ఒక్కదానికి ప్రెస్సు నుంచి ముందే వచ్చిన నమూనా అట్ట వేసి, బరువు కింద పెట్టి తీసి, ఎట్లా ఉందో చూడమని ఖమర్ జహాన్‌కిచ్చాడు. ఆమె బడిలో తెలుగు చదువుకుంది. తిండి పుస్తకమనేసరికి పొయ్యి తగ్గించి మరీ కూర్చుంది.

"ఏంజీ, ఈయమ్మ బెంగుళూరుకు పోయి ఎత్తుకోవడమే కిళ్లీ ఏసుకునింది."

"ఏసుకోనీ."

"కిళ్లీ అయినాక మిఠాయి తింటాదంట. మిఠాయి అయినాక శివాజీనగర్లో కబాబులంట."

"పట్నమోళ్లు."

ఆమె పేజీలు తిప్పుకుంటూ పోయింది. నడుమ మిలిటరీ హోటల్లో రాగిముద్ద, మాంసం పులుసు వచ్చాయి. ఇంకా తిప్పితే ఇరానీ చాయ్ వచ్చింది. చివరికి పోయేసరికి ఆమె కళ్లు పెద్దవయ్యాయి.

"ఇప్పుడు ఇడ్లీ తింటా ఉండాది! రైలు దిగి, తెల్లారి ఆరు గంటలకు! ఏంజీ, ఈయమ్మకు పొద్దు పడమట పుట్టిందా?"

షఫీవుల్లా పుస్తకం లాక్కున్నాడు. అక్షరాలు రాకపోయినా అంకెలు వచ్చు. మొదటి పేజీ అడుగున నూట పదమూడు ఉంది. బరువుల మీద చెయ్యి ఆనించి అట్లాగే కింద కూర్చున్నాడు.

"నేను ఎడమ నుంచి పరిస్తిని."

"నేను కుడి నుంచి ఏరితిని. ఇన్నేండ్లుగా యాడ నుంచి ఏరినాను?"

"ఇది తెలుగు పుస్తకం."

"ఆ మాట నోరు తెరిచి చెప్పుంటే నీ నోట్లో ముత్యాలు రాలిపోతాయా?"

"తెలుగొచ్చింది నీకే గదా."

"నాకు తెలుగొస్తే? నా చేతులకొస్తాదా?"

ఇద్దరూ జాగ్రత్తగానే చేశారు. ఆ జాగ్రత్తే కొంప ముంచింది.

మధ్యాహ్నం అట్టలు తీసుకుని ధనంజయ వచ్చాడు. సంగతి విని కాసేపు తల గోక్కున్నాడు. తర్వాత గొంతు తగ్గించాడు.

"సూడప్పా, సభలో ఎవురు సదవతారు? అట్ట సూపించి ఫోటో తీసుకుంటారు, శాలువా కప్పతారు, టిఫిను తిని పోతారు. అట్టలేసి పంపించెయ్. నెలా రెండు నెల్లకు ఎవురన్నా అడిగితే అప్పుడు సూద్దాం."

"ఆయమ్మ చదవదా?"

"రాసినోళ్లు మళ్లా సదవరు. విసుగొచ్చేసుంటాది." స్కూటరెక్కుతూ మళ్లీ అన్నాడు. "నువ్వుగా పోయి చెప్పినావంటే పోయేది నా ప్రెస్సు పేరు. ఆ తర్వాత నా గడప తొక్కొద్దు భాయ్. ఇప్పుడే చెప్తా ఉండా."

షఫీవుల్లా లోపలికి వచ్చాడు. కుట్టిన పుస్తకాల వంక చూశాడు. కుట్లు బారుగా, ముచ్చటగా ఉన్నాయి. అదే ఆయనకు ఇంకా మంట. చేతి సంచిలో ఆ ఒక్క పుస్తకం పెట్టుకుని, చెప్పులు వేసుకున్నాడు.

"యాడికి?" అంది ఖమర్ జహాన్.

"తిరుపతికి."

ఆమె చెంబుతో నీళ్లిచ్చింది. తాగి పోయాడు.

బస్సు చంద్రగిరి చేరేలోపల ఏం చెప్పాలో నాలుగు రకాలుగా అనుకున్నాడు. నాలుగూ పొడుగ్గా ఉన్నాయి. తిరుచానూరు రోడ్డులో మేడమెట్లు ఎక్కి తలుపు తట్టినప్పుడు ఒక్కటీ గుర్తు రాలేదు. తలుపు తీసిన కృపామణి తెల్లటి జుట్టు, గట్టి భుజాల మనిషి. పుస్తకం ఆమె చేతిలో పెట్టాడు.

"నేను బైండరు షఫీవుల్లా. తప్పు కుట్టినాము. రెండు వందలూ."

ఆమె కళ్లద్దాలు పెట్టుకుని తెరిచింది. కిళ్లీ దగ్గర ఆగింది. తిప్పింది. మళ్లీ మొదటికి వచ్చింది. మొహం ఎర్రబడింది.

"ఏం భాయ్ ఇది? పందొమ్మిదేండ్లకు నేను రైలు దిగినప్పుడు చేతిలో రేకు పెట్టె, కడుపులో ఆకలి. టేసను బయట ఒక ముసలాయన నా మొగం సూసి రెండిడ్లీ ఎక్కువేసినాడు. ఆడ నుంచి గదా నా బెంగుళూరు. ఆకలి ముందుండాల. ఆకలి లేనోడికి కబాబు పెట్టి ఏం లాభం?"

"నిజమేనమ్మా."

"ఆదివారం సభ. నూటిరవై మందిని పిలిచినాను. ఏం చెప్పేది వాళ్లకు?"

ఆయన చెప్పుల కోసం వెనక్కి చూశాడు. ధనంజయ గడప పోయింది, ఈ గడపా పోయినట్టే అనుకున్నాడు. ఆమె మాత్రం పుస్తకం వీపు పట్టుకుని వంచి చూస్తోంది. మడత నడుమ కనబడే దారాన్ని గోటితో లాగి చూసింది.

"అతికించలేదా? కుట్టిందా ఇది?"

"కుట్టిందే. బంక పెట్టింది దీనికి ఒక్కదానికే, మిగతావాటికి ఇంకా పెట్టలేదు."

"అయితే కుట్లే గదా!" ఆమె గొంతు మారిపోయింది. "ముప్పయ్యేండ్లు ఏం చేసినాననుకున్నావు? కుట్లు ఏసినాను, కుట్లు ఇప్పినాను. మనుషులు అరస్తారు, కాగితం అరవదు. రేపు పొద్దునే వస్తా. మీ ఇల్లు యాడ?"

శుక్రవారం ఎనిమిది గంటలకే ఆమె చిత్తూరులో దిగింది. సంచిలో వంకర మొన కత్తెర, ఫ్లాస్కు ఉన్నాయి. చాప మీద కాళ్లు మడుచుకుని కూర్చుని, దారం ముడి దగ్గర టక్కుమని కత్తిరించి, ఎనిమిది ఫారాలు చెదరకుండా విప్పింది. షఫీవుల్లా అంత శుభ్రంగా విప్పిన చేతిని చూడలేదు. ఖమర్ జహాన్ ఫారాల వరస తిరగేసి పేర్చి ఇస్తే, ఆయన కుట్టాడు. ఆయన జుమ్మా నమాజుకు పోయి వచ్చేసరికి కృపామణి కూడా సూది పట్టి కుడుతోంది.

"ఈ కుట్టు యాడ నేర్చినావమ్మా?"

"నీ పుస్తకం సూసే. ఇప్పినోళ్లకు ఎట్లేసినారో తెలీదా?"

మధ్యాహ్నం ఖమర్ జహాన్ ఖీమా, ఖట్టా పప్పు, అన్నం పెట్టింది. కృపామణి రెండు ముద్దలు తిని ఆగింది. మూడో ముద్దకు కళ్లు మూసింది.

"ఈ పప్పులో ఏమేసినారక్కా?"

"చింతకాయ. పచ్చిది."

"బెంగుళూరంతా తిరిగినాను. ఇట్లాంటి పప్పు యాడా లేదు."

"మరి మా ఇంటికి రాకుండానే పుస్తకమెట్ల రాసినావు?" అంది ఖమర్ జహాన్. ఇద్దరూ పకపకా నవ్వారు. షఫీవుల్లా ఇంకొంచెం పప్పు వేసుకున్నాడు.

శనివారం సాయంత్రానికి నూట అరవై తేలాయి. అట్టలు వేయడం కూడా అయింది. మిగిలిన నలభై తర్వాత నిదానంగా చెయ్యమని కృపామణి బస్సెక్కింది. పోతూ పోతూ ఖట్టా పప్పు ఎట్లా చెయ్యాలో ఒక కాగితం మీద రాయించుకుంది.

ఆదివారం సభలో ధనంజయ మూడో వరసలో బిగదీసుకుని కూర్చున్నాడు. షఫీవుల్లా వైపు చూడలేదు. కృపామణి ఆ నడుమ జరిగిందంతా ఉన్నదున్నట్టు చెప్పేసింది. ఏ ప్రెస్సయినా, తప్పు తానే వచ్చి చెప్పే బైండరును పెట్టుకుంటే దానికి మించిన పేరు లేదంది. జనం చప్పట్లు కొట్టారు. ఆ చప్పట్లు ప్రెస్సుకో బైండరుకో తెలియక ధనంజయ కూడా లేచి దండం పెట్టాడు. తర్వాత ఆమె షఫీవుల్లాను వేదిక మీదికి లాక్కుపోయి మైకు ముందు నిలబెట్టింది.

ఆయన మైకు నుంచి ఒక అడుగు వెనక్కి జరిగాడు.

"ముందు తప్పు కుట్టినాము. ఈయమ్మే ఇప్పింది. ముగ్గురం మళ్లా కుట్టినాము. టిఫినుకు ముందే చదవండి."

అని దిగి వచ్చేశాడు. నిఖా అయినప్పటి నుంచి ఆయన ఒక్కసారిగా అన్ని మాటలు మాట్లాడ్డం వినలేదని ఖమర్ జహాన్ పక్కావిడతో చెప్పింది.

మంగళవారం ధనంజయ మనిషి ఆటోలో పన్నెండు కట్టలు దించిపోయాడు. ఏదో పంచాంగం, ఫారానికొక కట్ట. చీటీ లేదు, మాట లేదు. ప్రతి కట్ట మీదా అరచెయ్యంత ఎర్ర అంకె మాత్రం వేసి ఉంది, ఒకటి నుంచి పన్నెండు దాకా.

షఫీవుల్లా చాప పరిచాడు. ఖమర్ జహాన్ నడుం మీద చేతులు పెట్టుకుని నిలబడింది.

"ఈసారి పరిచినోళ్లే ఏరాల."

"సరే."

"పరిచేది నేను."

ఆయన చాప మీద నుంచి లేచి, టీ పెట్టడానికి లోపలికి పోయాడు.