రేకు డబ్బ మీద ఫోను

ఫోను మోగుతనే ఉంటది, అవతల ఎవ్వరూ ఎత్తరు. ఈ లోకంల నాకు అన్నిటికన్న ఎక్కువ భయం అదే.

పాముకు భయపడ, చీకటికి భయపడ. కరోనాకు భయపడ్డ గని, అది అందరు పడ్డదే. ఫోను ఎత్తకపోతె మాత్రం ఎత్తేదాక చేస్తనే ఉంట. మా ఆయన కమలాకర్ జర ఆలస్యం చేస్తె చాలు, పనిల సాంచె కాడ పడ్డట్టు, దవాఖానల ఉన్నట్టు, నేను బిడ్డనెత్తుకోని ఉరుకుతున్నట్టు అన్నీ కండ్ల ముందటికొస్తయ్. "చాయ్ తాగ పోయిన్నే, చచ్చిపోలే" అంటడు తర్వాత. ఆయన నవ్వుతడు. నాకు నవ్వు రాదు.

అసొంటి నాకు దేవుడు చెవులు వినపడని మామను ఇచ్చిండు.

మా మామ పేరు దేవదాస్. సూరత్‌కు వచ్చిననాటికి ఆయనకు మీసాలు కూడ సరిగ్గ రాలేదట. అప్పటిసంది సాంచెల మీదనే బతుకు. సాంచెలంటె కరెంటు మగ్గాలు. ఒక్క షెడ్డుల వరుసగ నడుస్తుంటె పక్కన మనిషి ఒర్రినా వినరాదు. అండ్ల అన్నేండ్లు నిలవడితె చెవులు మిగులుతయా. ఈడ సూరత్‌ల, భేస్తాన్ బస్తీల మా గల్లీ ముసలోళ్ళందరు అంతే, ఒక్కరు టీవీ పెడితె నాలుగిండ్లు వార్తలు వింటయ్.

అయితె సాంచెలోళ్ళకు ఇంకో మాట ఉంటది, చేతులతోటి. రెండు చూపుడు వేళ్ళు ఆనిచ్చి ఇడదీస్తె పోగు తెగిందని. రెండు చేతులు గుండ్రంగ తిప్పి అరచేతులు తెరిస్తె నూలు చుట్టిన బీము అయిపోయిందని, ఇగ ఆ సాంచె బందని. పిడికిలి ఇటూ అటూ ఆడిస్తె పోగు మోసే నాడె తిరుగుతుంది, అంతా మంచిగనే నడుస్తుందని. పొట్ట మీద చెయ్యి గుండ్రంగ రాస్తె సేఠ్ వస్తుండు, బీడి పారెయ్యమని. తిట్లు కూడ ఉంటయట. అవి మాత్రం నాకు ఇప్పటిదాక చెప్పలేదు.

ఇంట్ల మాతోటి మాట్లాడేటప్పుడు మామ మా పెదవులు చూసేటోడు. పెండ్లయి వచ్చిన కొత్తల సిగ్గుకు తలకాయ దించుకోని మాట్లాడేదాన్ని. ఒకరోజు అన్నడు, "బిడ్డా, నువ్వు నేలతోటి మాట్లాడితె జవాబు నేలే చెప్పాలె" అని. ఇగ అప్పటిసంది మొఖం చూసే మాట్లాడుతున్న.

లాక్‌డౌన్ వచ్చినంక అందరి మొఖాలకు మాస్కులొచ్చినయ్. మా మామ నిజంగ చెవిటోడైంది అప్పుడే.

కిరాణం కాడికి పోయి ఉప్పుకు బదులు సోడా తెచ్చిండు. మందుల దుకాణంల పిలగాడు ఏదో అడిగితె ఊరికె తలకాయ ఊపి, ఎవరికో రాసిన గోలీలు తెచ్చుకున్నడు. "ఊరంతా మూతులు కట్టుకున్నరు, నాకేం తెలుస్తది" అని వచ్చి గోడ దిక్కు తిరిగి కూసున్నడు. అత్తమ్మ పోయినప్పుడు కూడ ఆయన అట్ల కూసోలేదు.

ఆ టైముల్నే మా బిడ్డ హిమశ్రీకి ఫోన్ల బడి మొదలైంది. ఒకరు వాడి అమ్మిన ఫోను తెచ్చిండు మా ఆయన. నేను ఎనిమిది చదివి మానేసినదాన్ని. ఏది నొక్కితె ఏమైతదో అని మొదట్ల చేతులు తుడుచుకోని ముట్టుకునేదాన్ని. పంతులమ్మ ఫోన్ల కనపడంగనే మామ గోడ దిక్కుకెళ్ళి ఇటు తిరిగిండు.

"ఈమెకు మాస్కు లేదేంది?" అన్నడు.

"ఆమె వాళ్ళ ఇంట్ల ఉంది తాతా" అన్నది హిమశ్రీ, ఆయన గదువ పట్టి తన మొఖం దిక్కు తిప్పుకుంట.

ఇగ ఆనాటిసంది మామ కూడ బడికి తయారు. మనుమరాలి ఎనకాల కూసోని, పంతులమ్మ పెదవులు చూసుకుంట, ఆమె గుజరాతీల లెక్క అడిగితె పిల్లకన్న ముందు జవాబు చెప్పేటోడు. "హిమశ్రీ, మీ దాదాను మ్యూట్ చెయ్యి" అన్నది పంతులమ్మ. పిల్ల చెయ్యలేదు.

అప్పుడు నాకు తట్టింది. మామకు ఒక జోడీ ఉన్నడు, సోమలింగం మామ. ఇద్దరు ఒక్క షెడ్డుల ఎదురెదురు సాంచెలు నడిపిన్రు. తర్వాత ఆయన కొడుకు పని కోసం తాపీ నది అవతల అమ్రోలికి మారిపోయిన్రు. ఆయనకు కుడి చెవి జర పనిచేస్తది, కొడుకు కొనిచ్చిన ఫోను ఉంది. వీడియో కాల్ కలిపి మామ చేతుల పెట్టిన.

మామ ఏం చేసిండు? చక్కగ చెవికి పెట్టుకున్నడు.

అవతలికెళ్ళి సోమలింగం మామ గొంతు, గల్లీ అంత వినపడేటట్టు: "ఓ కోడలా, వాడు నాకు చెవి చూపిస్తుండు. అది పాడైందని నాకు తెల్వదా? మొఖం చూపియ్యుమను."

మామకు నేను పెదవులతోటి చెప్పిన. ఫోను ముందటికి పట్టుకోని చూసిండు. మెల్లగ పిడికిలి ఎత్తి ఇటూ అటూ ఆడించిండు. ఫోన్ల సోమలింగం మామ పిడికిలి కూడ ఆడింది.

కష్టం ఏందంటె, ఒక చెయ్యి ఫోను పట్టుకుంటె ఇంకో చెయ్యికి సగం మాటనే మిగులుతది. పోగు తెగిందని చెప్పాలంటె రెండు వేళ్ళు కావాలె గద. అందుకే ఫోనును బియ్యం పోసే రేకు డబ్బ మీద గోడకానిచ్చి నిలవెట్టిన. ఇద్దరు గంటలకొద్ది చేతులు తిప్పుకుంట కూసునేటోళ్ళు, ఒక్క మాట సప్పుడుండదు. పక్కింటి నర్సవ్వ తొంగి చూసి, "ఏందే మంగా, మీ మామ ఫోనుకు హారతి ఇస్తుండా?" అన్నది.

ఇంకో కష్టం. సోమలింగం మామ చేస్తె మామకు రింగు వినపడది. దానికి ఉపాయం ఆయనే చెప్పిండు: "వణికేటట్టు పెట్టి డబ్బ మీదనే ఉంచు బిడ్డా. వాన్ని డబ్బకు ఆనుకోని కూసోమను. మేము సాంచె మంచిగున్నదా లేదా అన్నది చెవులతోటి చూసినమా? ఇనుము మీద చెయ్యి పెట్టి చూసినం." నిజమే. ఫోను వణికితె రేకు వణుకుతది, రేకు వణికితె మామ ఈపు చెప్తది. పొద్దున డబ్బకు ఆనుకోని, ఎవరో పిలుస్తరని తెలిసినోనిలెక్క కూసునేటోడు.

ఇట్ల ఒక ఏడాది గడిచింది. మళ్ళ ఎండాకాలం వచ్చింది, రెండోసారి రోగం వచ్చింది. ఈసారి మా గల్లీని ఇడిచిపెట్టలేదు.

మామకు జ్వరం పట్టింది. తర్వాత దగ్గు. మాది ఒక్క ఖోలి. వంట ఆడ్నే, పండుడు ఆడ్నే, పిల్ల ఆయన పక్కనే పంటది. మన తెలుగోళ్ళే కొందరు కలిసి ఒక ఫంక్షన్ హాల్ల మంచాలేసి, డాక్టర్‌ను పెట్టి రోగులను చూస్తున్నరు. ఆడ తోల్కపోయినం. ఫోను మామ జేబుల పెట్టిన. పిల్ల బడి ఆగితె ఆగనీ.

గేటు కాడ తెల్ల కిట్టు తొడుక్కున్న మనిషి మామకు ఏదో చెప్తుండు. కండ్లద్దాలు, మాస్కు, ఇంకో మాస్కు. మామ ఆయన మొఖం చూసిండు, నా మొఖం చూసిండు. నేను నా మాస్కు కిందికి గుంజి చెప్పిన: "మామా, భయం లేదు. రోజు ఫోన్ చేస్త." కిట్టు మనిషి నా మీద ఒర్రిండు. ఒర్రనీ. మామ పిడికిలి ఆడించుకుంట లోపటికి పోయిండు.

మా ఆయనది బటన్ల ఫోను, దాంట్ల మొఖం కనపడది, అందుకే తెల్లారి నర్సవ్వ ఫోను తీస్కోని చేసిన. మోగింది, ఎత్తలేదు. మళ్ళ చేసిన. మధ్యాన్నం చేసిన. నర్సవ్వ ఫోను ఛార్జింగు అయిపోయేదాక చేసిన.

మా ఆయన గేటు కాడికి పోయి అడిగొచ్చిండు. "అందరు మంచిగున్నరంటున్నరు" అన్నడు.

"మామను చూసి చెప్పిన్రా?"

"ఏమో. ఏ ముసలాయన అని అడిగిన్రు. ఆడ అందరు ముసలోళ్ళే."

"మరి అన్నం డబ్బా?"

ఆయన డబ్బా కింద పెట్టిండు. పొద్దున కట్టిన అన్నం, చారు ముట్టకుండ తిరిగొచ్చింది. నేను ఆ మూత తీసి చూసి మళ్ళ పెట్టేసిన. మా మామ అంతమంది నడుమ ఉండి ఒక్క మాట అందక, మేము ఇడిచిపెట్టి వచ్చినమనుకోని గోడ దిక్కు తిరిగి పండుకున్నడేమో అని ఒక్కటే ఆలోచన. రోగం కన్న అదే చంపుతదని నాకు గట్టిగ అనిపించింది.

నర్సవ్వ ఫోనుకు ఛార్జింగు పెట్టి సోమలింగం మామకు చేసిన. ఏడ్చుకుంటనే చెప్పిన. ఆయన కుడి చెవి ఫోనుకు ఆనిచ్చి అంతా విని అడిగిండు:

"ఆడ మంచం ఎసొంటిది?"

"ఇనుప మంచమే మామా, గేటు కాడ నిలవడి చూసిన."

"మీద?"

"దూది పరుపు."

"అగో. ఫోను తలగడ మెత్త కింద పెట్టుకోని ఉంటడు. దూది అంతా మింగుతది బిడ్డా. వాన్ని రేకు డబ్బ కాడికెళ్ళి తీసుకపోయి దూదిల పెడితె ఎట్ల తెలుస్తది? ఇంట్ల చిందీ ఉన్నదా?"

చిందీ అంటె బట్ట అంచుకెళ్ళి కోసి పారేసే సన్న పేలిక. సాంచెలోళ్ళ ఇంట్ల ఉప్పు లేకుండ ఉండొచ్చు, చిందీ లేకుండ ఉండది.

"ఉన్నది."

"ఇనుప గంటెకు ఒక బిస్కిట్ పుడ చిందీతోటి గట్టిగ కట్టి, అన్నంతోటి పంపు. మీ ఆయనను కట్టుమను, మన సాంచె ముడి ఎయ్యాలె."

"ఇదేం పని మామా. పిచ్చోళ్ళనుకుంటరు."

"అనుకోనీ. వాడనుకోడు."

మా ఆయన సిగ్గుపడుకుంటనే కట్టిండు. గేటు కాడ కిట్టు మనిషి గంటెను తిప్పి తిప్పి చూసి, "యే క్యా హై?" అన్నడట. ఈయనకు ఏం చెప్పాలో తెల్వక, "దవా" అన్నడట. మందు. ఇంటికొచ్చి ఆ మాట చెప్పి తలకాయ పట్టుకున్నడు.

సాయంత్రం దీపం పెట్టినంక ఫోన్ చేసిన. హిమశ్రీ నా కొంగు పట్టుకోని నిలవడ్డది. ఒకసారి మోగింది. రెండోసారి మోగుతుంటె తెర ఎలిగింది.

ముందుగాల ఫ్యాను కనపడ్డది, అది కూడ అడ్డంగ. తర్వాత ఇనుప పైపు. దాని పక్కన మా మామ మొఖం, మంచం మీద ఒరిగి, కండ్లు చిన్నగ చేసుకోని. తెర అంచున పైపుకు చుట్టిన చిందీ, దాని ముడి కనపడ్డయ్; గంటెకు పుడ కట్టినట్టే ఫోనును మంచానికి కట్టుకున్నడు. ముడి చూసి మా ఆయన నవ్విండు, "తాపీల పడేసినా ఊడదది" అని.

మామ మాట్లాడబోతె దగ్గొచ్చింది. చెయ్యెత్తిండు. పిడికిలి ఇటూ అటూ ఆడింది, మెల్లగ, గని ఆగకుండ.

నేను కూడ ఆడించిన. నాకొచ్చినయి ఆ నాలుగు సైగలే. పిల్లకు నాకన్న ఎక్కువొచ్చు. తాతతోటి ఏవేవో చెప్పి నవ్వించింది. "అన్నం ఎందుకు తినలేదు మామా?" అని నేను పెదవులు సాగదీసి అడిగితె, దగ్గుకు ఆగుకుంట చెప్పిండు. పేరు పిలిచినట్టున్నరు, తనదని తెల్వలేదట, ఎవరిదో అనుకున్నడట. "ఇప్పుడు చిందీ చూసిన. నా ఇంటిదని తెలిసింది" అన్నడు.

ఇంతల మాట ఆపి పొట్ట మీద చెయ్యి గుండ్రంగ రాసిండు. డాక్టర్ వస్తుండన్నట్టు. నేను ఎన్ని రోజులకో నవ్విన. నర్సవ్వ గడప కాడ నిలవడి ముక్కు చీదుకున్నది.

మామ ఇంటికొచ్చిండు. సన్నబడ్డడు, గని వచ్చిండు. ఇప్పుడు మా ఆయనకు ఒళ్ళు నొప్పులు మొదలై పరీక్ష చేస్తె ఆయనకూ ఉందన్నరు. తలుపుకు కాగితం అంటించి, గడప దాటొద్దని చెప్పిపోయిన్రు. సిటీ బస్సులు ఎట్లాగు బందున్నయ్.

ఇదంతా ఎందుకు రాస్తున్ననంటె, సోమలింగం మామ ఫోను ఎత్తుతలేడు.

ఆయన కొడుకు కోడలు రైళ్ళు బందైతయని భయపడి ఊరికి పోయిన్రు. ఈయన, "సాంచెలు ఇడిచి నేనేడ్కి రాను" అని ఒక్కడే ఉన్నడు. కొడుక్కు చేస్తె, "నాకూ ఎత్తుతలేడు వదినా, ఆ గల్లీల మాకు తెలిసినోళ్ళు కూడ ఊర్లకు పోయిన్రు" అని ఏడుస్తుండు. మామ పొద్దంతా రేకు డబ్బకు ఈపు ఆనిచ్చి కూసుంటుండు, అది వణుకుతదేమో అని. నేను భయపడుకుంట అడిగిన, "ఏమంటవ్ మామా?" అని. బీము అయిపోయిందని చేతులు తెరుస్తడేమో అని ఆయన చేతుల దిక్కే చూసిన. ఆయన రెండు చూపుడు వేళ్ళు ఆనిచ్చి ఇడదీసిండు. పోగు తెగింది, అంతే. తెగిన పోగు అతుకుతది. ఎవరో ఒకరు పోయి చూడాలె.

మీరెవరన్న అమ్రోలి దిక్కు ఉంటె జర పోయి చూడుండ్రి. వంతెన దిగినంక కూరగాయల బజారు ఎనకాల గల్లీ, ఆఖరి ఖోలి, నీలం తలుపు. గడప మీద చిందీలతోటి అల్లిన పట్ట ఉంటది. తలుపు కొట్టి, జవాబు రాలేదని ఎనకకు మర్లకుండ్రి. ఆయన మంచి చెవి కిందికి పెట్టి పంటడు. గడప మీద కాలితోటి గట్టిగ తన్నుండ్రి, నేల అదరాలె. నేల అదిరితె లేస్తడు. మొఖం చూడంగనే ఎడంగ నిలవడి ఒక్కసారి మాస్కు కిందికి దించి, దేవదాస్ అడుగుతుండని చెప్పుండ్రి. చెప్పరాకపోతె పిడికిలి ఇటూ అటూ ఆడించుండ్రి, ఆయనకు తెలుస్తది.