ఖాజాబీ అరచేతిలో చేను

పొద్దున్నే కొళాయి కాడ ఎవరైనా "రాత్రి చేను తడిసిందా ఖాజాబీ?" అని అడిగితే, ఆమె బిందె కింద పెట్టి కుడి చెయ్యి తెరిచేది. అరచెయ్యి చెమ్మగా ఉంటే చేని మీద వాన పడినట్టు. పొడిగా ఉంటే లేదు. పెండ్లయి వచ్చిన ఏడు గొర్రు వెనక నడిచి తొలి విత్తనం వేసినప్పటి నుంచి చేను ఆమె అరచేతిలోనే ఉండేది. కోసిగి దిక్కు మా ఊళ్ళో దీన్నెవరూ వింతగా చూడలేదు. చూసేందుకేముంది? చెయ్యి ఆమెది, చేను ఆమెది. ఏరువాకకి తొలి గింజ వేయాలంటే ఊరంతా ఆమెనే పిలిచేవాళ్ళు. పక్క చేను మద్దిలేటి అయితే ఆమె రానిదే ఎద్దుల్ని కదలనిచ్చేవాడు కాదు.

అట్లాంటి చేతికి గుంత పడింది.

పక్క గుట్టలో పలుగురాయి తవ్వే కంపెనీ ఒకటి హద్దు దాటి ఆమె చేనులోకి తవ్వుకుంటా పోయింది. పైనున్న నల్లమట్టి ఎత్తి తన లారీల బాటకు పోసుకుంది. తవ్వేకొద్దీ అరచెయ్యి లోపలికి దిగింది. అన్నం కలుపుకుంటే ముద్ద గుంతలో ఇరుక్కునేది. పంట లేక కొడుకు అర్షద్, కోడలు పర్వీన్ మిరపకాయలు కోసేందుకు గుంటూరు దిక్కు వలసకూలికి, సుగ్గికి పోవడం మొదలుపెట్టినారు. దానికన్నా ఎక్కువ కోసిన సంగతి ఇంకోటుంది. తొలి గింజకు ఆమెను పిలవడం ఊరు మానేసింది. ఎవరూ ఒక్క మాటనలేదు, మర్యాదగానే మానేసినారు. ఆ మర్యాదే ఆమెకు కడుపుమంట.

ఆదోనిలో లాయరు మహాదేవిని పట్టుకుని కేసు వేసింది. చేను మునుపట్లా చేసి ఇవ్వమని కోర్టు చెప్పింది. కంపెనీవాళ్ళు గుంతైతే పూడ్చినారు. కింద రాళ్ళు, పైన జానెడు నల్లమట్టి. ట్యాంకరుతో నీళ్ళు కొట్టి, గడ్డి మొలిపించి, ఫొటోలు తీసి కోర్టులో పెట్టినారు. ఫొటోల్లో చేను పెండ్లికూతురు మాదిరి ఉంది. ఖాజాబీ పిడికిలి బిగిస్తే మాత్రం లోపల రాళ్ళు గరగరమంటాండాయి. ఈ వాయిదాకి కేసు మూసేస్తే చేను అమ్మేసి గుంటూరులోనే ఉండిపోతామని అర్షద్ తేల్చి చెప్పినాడు.

వాయిదా రోజు ఆమె పెట్టెలోని బురఖా తీసి వేసుకుని బస్సెక్కింది. తల వంచుకుని పోలేదు, ఆ మాట చెప్పుకోవాల్సిందే.

కంపెనీ లాయరు ఫొటోలు చూపించి పనంతా అయిపోయిందన్నాడు. జడ్జి మేడమ్ ఖాజాబీ దిక్కు తిరిగి, "చేను బాగయిందా అమ్మా?" అని అడిగింది.

కొళాయి కాడ అడిగినట్టే అడిగింది. ఖాజాబీ కూడా అట్లే చెయ్యి తెరిచింది. అరచెయ్యి నల్లగా, చదునుగా ఉంది. కంపెనీ లాయరు నవ్వినాడు.

"నీళ్ళు పోసి చూడండి మేడమ్. చేనైతే దాచుకుంటాది," అనింది ఖాజాబీ.

జడ్జి తన బాటిలు మూత తీసి పోసింది. పైనున్న నలుపంతా కొట్టుకుపోయింది. నీళ్ళు అరచేతిలో దిగి, చెయ్యి వెనక నుంచి బల్ల మీదికి కారినాయి. వాటి వెంట ఒక పలుగురాయి ముక్క టక్కుమని పడింది. జడ్జి దాన్ని తీసి ఫొటోల మీద పెట్టింది. రాళ్ళన్నీ ఎత్తేయాలనీ, లారీల బాటకు పోసుకున్న నల్లమట్టంతా తెచ్చి చేనులో నింపాలనీ, ఆ చెయ్యి నీళ్ళు నిలుపుకునేదాకా కేసు మూసేది లేదనీ రాసింది.

అప్పటి నుంచి కంపెనీ మేనేజరు ఇంటికొచ్చి చెయ్యి చూసి పోయేవాడు. ఖాజాబీ అతనికి చాయ్ ఇచ్చేది, ఎడమ చేత్తో.

మరుసటేడు ఏరువాకకి అరచెయ్యి నిండుగా, చల్లగా ఉంది. సుగ్గి మాటే ఎత్తకుండా అర్షద్ గొర్రు పట్టినాడు. అంతలో మద్దిలేటి గట్టు మీదికొచ్చి తువ్వాలు చేతుల్లో నలుపుకుంటా నిలబడినాడు.

"అక్కా, ఎద్దులు కట్టినా. తొలి గింజకు నువ్వు రావాల."

ఖాజాబీ విత్తనాలు పిడికిట నింపుకుంది.

"మా చేను అయిపోనీ, వస్తా. కాచుకో."

మద్దిలేటి కాచుకున్నాడు. అతని వెనక ఒక్కొక్కరే వచ్చి, ఎద్దుల్ని పట్టుకుని, ఊరంతా ఆమె గట్టు మీద కాచుకుంది.