హీరో పడే షాట్

ఉదయం తొమ్మిదింపావుకు హీరో సెట్టు మీద నుంచి వెళ్ళిపోయాడు. ఎవరితోనూ గొడవ పడలేదు, గొంతు పెంచలేదు. చొక్కా దులుపుకుని మిల్లు షెడ్డు దాటి, బయట ఆపి ఉన్న కారవాన్ ఎక్కి తలుపు వేసుకున్నాడు. అప్పటికి మూడు రిహార్సళ్ళు అయ్యాయి. షాట్ మాత్రం తీయలేదు.

షాట్ ఇది. మూతపడిన కాగితం మిల్లులో హీరో ఒక కిరాయి రౌడీతో కొట్లాడుతుంటాడు. రౌడీ అతని గుండెల మీద తంతాడు. హీరో సిమెంటు నేల మీద వెల్లకిలా పడి, కాసేపు అలాగే ఉండి, లేస్తాడు. తన్నడం, పడటం, లేవడం అంతా ఒకే షాట్. మధ్యలో కట్ లేదు. హీరో ముఖం మొదటి నుంచి చివరిదాకా కనబడుతూనే ఉండాలి. అంటే డూప్ పనికిరాడు.

ఈ సినిమాకు కథ, ఫైట్లు, దర్శకత్వం ఒకరివే. యూనిట్ అంతా ఆమెను మాస్టర్ అంటారు. పంతొమ్మిదో ఏట హీరోయిన్లకు డూప్‌గా మేడల మీద నుంచి దూకడంతో ఆమె పని మొదలైంది. కర్ర తిప్పడం, కత్తి పట్టడం, కాలెత్తి తన్నడం సెట్ల మీదే నేర్చుకుంది. తర్వాత ఒక పెద్ద ఫైట్ మాస్టర్ దగ్గర అసిస్టెంటుగా చేరింది. ఆయన మోకాళ్ళు పోయాక ఆ పని ఆమెకు వచ్చింది. దర్శకత్వం దక్కేసరికి యాభై రెండేళ్ళు. ఇది మొదటి సినిమా. ఇది చెడితే రెండోది ఉండదని ఆమెకు ఒకరు చెప్పక్కర్లేదు.

నిర్మాత ఆమె దగ్గరికి వచ్చాడు.

"మాస్టర్, డూప్‌ని పెట్టి వెనక నుంచి తీసేద్దాం. లేచేటప్పుడు బాబు ముఖం మీదికి కట్ చేద్దాం. లోకమంతా అలాగే తీస్తోంది."

"లోకమంతా తీసిందే అయితే మళ్ళీ నేనెందుకండీ తీయడం?"

"నన్ను అడకత్తెరలో పెట్టకండి. బాబు పడనంటున్నారు, మీరు పడాలంటున్నారు. సాయంత్రం దాకా చూస్తాను. కుదరకపోతే ఇక్కడి నుంచి సినిమా ఇంకో మాస్టర్ పూర్తి చేస్తాడు. ఆయనతో మాట్లాడాను కూడా."

"హీరో లేవడమే కదండీ కథ. లేవాలంటే ముందు పడాలి."

"అది నాకు కాదు, బాబుకు చెప్పండి."

నిర్మాత నీళ్ళు నమిలే మనిషి కాదు. అన్నాడంటే చేస్తాడు. తాడోపేడో ఈ పూటే తేలాలి.

మాస్టర్ మానిటర్ ముందు కూర్చుని, రికార్డు చేసిన రిహార్సళ్ళు మళ్ళీ వేయించుకుంది. పక్కన ఆమె మరిది నిలబడ్డాడు. పద్నాలుగేళ్ళుగా ఈ హీరోకు డూప్ అతనే. ఈ సినిమాలో మాత్రం రౌడీ వేషం ఇచ్చింది. తెర మీద అతని ముఖం కనబడటం ఇదే మొదలు.

"ఎన్నిసార్లు చూస్తే ఏం వదినా? అది పొగరు. దానికి మందు లేదు."

ఆమె కూడా ఇంతసేపూ అదే అనుకుంది. ఇరవై ఏళ్ళ సినిమాల్లో ఈ హీరో తన ముఖం కనబడేలా ఒక్కసారి కూడా పడలేదు; పడేది డూపే. హీరో స్వయంగా పడకూడదన్నది ఆయన వ్యవహారాలు చూసే బావగారి నియమం. అందరికీ తెలిసిందే.

"ముఖం కాదు, చెయ్యి చూడు," అంది.

చూశాడు. ఎదుటివాడి కాలు లేవకముందే హీరో కుడి చెయ్యి వెనక్కి వెళ్తోంది. వేళ్ళు విచ్చుకుని నేలను వెతుకుతోంది. మూడు రిహార్సళ్ళలోనూ అంతే, పడకుండానే ఆగిపోయాడు. ఫైటర్లకు మొదటి రోజు చెప్పే మొదటి మాట అది: పడేటప్పుడు చెయ్యి వెనక్కి పెట్టకు, మణికట్టు పోతుంది. పడటం వచ్చినవాడు పెట్టడు.

మరిది తల గోక్కున్నాడు. "ఓరి నాయనో. ఇన్నేళ్ళుగా ఈయన బదులు పడుతున్నాను, ఈ సంగతి నాకు తట్టలేదే."

"నువ్వు పడుతుండబట్టే ఎవరికీ తట్టలేదు."

కారవాన్ మెట్ల దగ్గర హీరో బావగారు గొడుగు వేసుకుని నిలబడి ఉన్నాడు.

"బాబు పడరండి. అభిమానులు ఊరుకోరు. అదీ ఊరూ పేరూ లేని రౌడీ వెధవ తంతే."

"ఊరూ పేరూ ఉన్నవాడు తంతే పడతారా?"

ఆయన కాసేపు ఆలోచించాడు. "అప్పుడూ పడరు."

"సరేనండీ. నిర్మాతగారు ఇంకో మాస్టర్‌ను పిలుస్తారట. మీ సలహా అడగమన్నాను."

సలహా అన్న మాట చెవిన పడగానే ఆయన గొడుగు ముడిచాడు. ఆయన షెడ్డులోకి వెళ్ళేదాకా ఆగి, మాస్టర్ తలుపు తట్టింది.

హీరో అద్దం ముందు మేకప్ తుడుచుకుంటున్నాడు. "రండి అక్కా. నా మీద కోపంగా ఉందా? నా ఇమేజ్ సంగతి మీకు తెలియనిది కాదు."

"బాబూ, మీ చెయ్యి వెనక్కి వెళ్తోంది."

అతను దూదిని కింద పెట్టాడు.

"నేనూ మా మరిదీ తప్ప ఎవరూ చూడలేదు."

"చిన్నప్పుడు మెట్ల మీద నుంచి వెనక్కి పడ్డాను," అన్నాడు చివరికి. "తల పగిలింది. చాలా రోజులు మంచం దిగలేదు. ఇప్పటికీ కుర్చీలో వాలాలన్నా వెనక తడుముకునే వాలతాను. మొదటి సినిమాలోనే చెబుదామనుకున్నా. ఈలోపు హీరో పడక్కర్లేదు, డూప్ ఉన్నాడన్నారు. బావ దాన్నే రూలు చేశాడు. బతికిపోయాను అనుకున్నాను."

"కొట్టడం ఎవరు నేర్పారు మీకు?"

"ఒకరా ఇద్దరా? ఎంతమంది మాస్టర్లో."

"పడటం?"

"ఎవరూ నేర్పలేదు."

"మాకు ముందు నేర్పేది అదే. కొట్టడం తర్వాత." ఆమె తలుపు దాకా వెళ్ళింది. "సాయంత్రం దాకా టైముంది, నేర్పుతాను. వద్దంటే ఆ షాట్ నా చేతకాలేదని చెప్పి వెళ్ళిపోతాను. మీ చెయ్యి మాట బయటికి రాదు."

హీరో అద్దంలోకి చూశాడు. "ఎవరూ చూడకూడదు."

"మా మరిది ఉంటాడు. తన్నేది వాడే."

మిల్లు వెనక సరుకు గదిలో లైట్ల పెట్టెలు గోడకు జరిపి, రెండు పరుపులు ఒకదాని మీద ఒకటి వేశారు. మాస్టర్ లోపల గడియ పెట్టింది. హీరోను గొంతుక్కూర్చోబెట్టింది.

"గడ్డం గుండెకు ఆనించండి. బొడ్డు చూసుకోండి. రెండు చేతులతో కాలరు పట్టుకోండి. ఇప్పుడు వెనక్కి దొర్లండి."

దొర్లబోయేసరికి కుడి చెయ్యి కాలరు వదిలి వెనక్కి వెళ్ళింది. మళ్ళీ. మళ్ళీ వెళ్ళింది. ఆమె తిట్టలేదు, బుజ్జగించలేదు. "మళ్ళీ," అంది.

మరిది పక్కన పడి చూపిస్తున్నాడు. "నా పొట్ట కొడుతున్నావు వదినా. ఈయన పడటం నేర్చుకుంటే రేపటి నుంచి నన్నెవడు పిలుస్తాడు?"

"ముందు పని చూడు."

"చూస్తున్నా. పడ్డవాళ్ళెప్పుడూ చెడ్డవాళ్ళు కారంటారు బాబూ. ఆ లెక్కన ఈ ఫీల్డులో నా అంత మంచివాడు లేడు."

హీరో నవ్వాడు. నవ్వుతూనే దొర్లాడు. ఈసారి చేతులు కాలరు మీదే ఉన్నాయి.

తర్వాత కాలరు వదిలించి, వీపు ఆనే క్షణంలో రెండు ముంజేతులూ పక్కలకు నేలకేసి కొట్టడం నేర్పింది. దెబ్బ వీపుకు కాకుండా చేతులు పంచుకుంటాయి. నిలబడి పడటం దాని తర్వాత. ఒక పరుపు తీసేశారు. కాసేపటికి రెండోదీ తీసి దుప్పటి పరిచారు. ఎన్నిసార్లు పడ్డాడో ఎవరూ లెక్కపెట్టలేదు. ఆఖరున దుప్పటి మాస్టరే లాగేసింది. హీరో ఆ నేల వైపు కాసేపు చూసి, గడ్డం దించి పడ్డాడు. లేచి మోచెయ్యి రుద్దుకున్నాడు.

"నొప్పా?"

"నొప్పే. ఇంకోసారి పడతాను."

మూడింటికి సెట్టు మీదికి వచ్చారు. హీరో చొక్కా లోపల గుండెల మీద ప్యాడ్ కట్టారు. బావగారు నిర్మాత పక్కన కుర్చీ వేసుకున్నాడు. కెమెరా తిరిగింది. మరిది తన్నాడు. హీరో వెల్లకిలా పడ్డాడు. చెయ్యి వెనక్కి వెళ్ళలేదు. లేచాడు. యూనిట్ చప్పట్లు కొట్టింది. నిర్మాత, "ఓకే," అన్నాడు.

మాస్టర్ మానిటర్ చూసింది. బూటుకూ చొక్కాకూ మధ్య జానెడు ఖాళీ ఉంది.

"వన్ మోర్."

"బాబు పడ్డారు కదా మాస్టర్, ఇంకేం కావాలి?"

"కాలు తగలకుండా పడ్డారండీ. గాలికి పడ్డట్టుంది." మరిది వైపు తిరిగింది. "కాలెందుకు ఆపావు?"

"రావట్లేదు వదినా. ఈయన తినాల్సిన దెబ్బలన్నీ నేను తిన్నాను. ఇప్పుడు ఈయన్నే తన్నాలంటే..."

బావగారు లేచి వచ్చాడు. "చాలు, పడింది చాలు. పద బాబూ, వెళ్దాం."

హీరో ఇంకా నేల మీదే కూర్చుని ఉన్నాడు. "బావా, కాస్త పక్కకు జరుగు. ఫ్రేములో ఉన్నావు." తర్వాత మరిదితో, "నువ్వు ఆపిన కొద్దీ నేను పడుతూ ఉండాలి. ఆపకు," అన్నాడు.

మళ్ళీ కెమెరా తిరిగింది. ఈసారి బూటు గుండెల మీద ఆనింది. ప్యాడ్ చప్పుడు షెడ్డు చివరి దాకా వినబడింది. హీరో పడ్డాడు. గడ్డం దిగి ఉంది, తల నేలకు తగల్లేదు, ముంజేతులు నేలను కొట్టాయి. అలాగే ఉండిపోయాడు. మొదటి టేకులో ఉన్నదాని కన్నా ఎక్కువసేపు ఉన్నాడు. నిర్మాత మాస్టర్ వైపు చూశాడు. ఆమె కట్ చెప్పలేదు. హీరో పక్కకు తిరిగి, మోకాలు ఊతం చేసుకుని లేచి నిలబడ్డాడు.

"కట్."

ఆమె షాట్ మొదటి నుంచి చివరిదాకా ఒకసారి చూసుకుంది. "ఓకే," అంది.

నిర్మాత ఫోన్ తీసుకుని షెడ్డు బయటికి వెళ్ళి, ఇంకో మాస్టర్‌కు రానక్కర్లేదని చెప్పాడు. డాక్టరు వచ్చి హీరో మోచేతిని చూసి, ఎముకకేమీ కాలేదని పట్టీ వేశాడు. ఐదింటికి మాస్టర్ తర్వాతి షాట్‌కు లైట్లు మార్చమంది.